మార్చేది ఒక్క లైనే

మా తరం హైదరాబాద్ కుర్రాళ్ళలో చాలామందికి సాఫ్ట్‌వేర్ ఉద్యోగం పాత కోడుతోనే మొదలైంది. 1997, 98 ప్రాంతంలో అమీర్‌పేటలో కోబాల్ నేర్చుకుని, వైటూకే పుణ్యమా అని ఉద్యోగాల్లో చేరాం. ఎవరో అమెరికావాళ్ళు మేం పుట్టకముందు రాసిన ప్రోగ్రాముల్లో రెండంకెల సంవత్సరాల కోసం వెతుక్కుంటూ కూర్చునేవాళ్ళం. 2000 దాటగానే చాలామంది జావాకో డాట్‌నెట్‌కో మళ్ళిపోయారు. నేను పాతదాన్ని వదల్లేదు. ఎవరో రాసి వెళ్ళిపోయిన సాఫ్ట్‌వేర్‌లో భద్రతా లోపం బయటపడితే ప్యాచ్ తయారుచెయ్యడం, దాన్ని సర్వర్లకి చేర్చడం, చేరిందో లేదో చూసుకోవడం, రిటైరయ్యేదాకా ఇదే నా వృత్తి. పెళ్ళిచూపుల్లో "అబ్బాయిది డెవలప్‌మెంటా, సపోర్టా?" అని అడిగే ఊళ్ళో ఈ పనికి గ్లామర్ లేదు. జీతం మాత్రం బాగానే ఉండేది.

ఈ పనిలోకి కొత్తగా వచ్చిన పిల్లలు అప్పుడప్పుడూ ఫోన్ చేస్తుంటారు. వాళ్ళకి చెప్పేవే ఇక్కడ రాస్తున్నాను. లోపాన్ని సరిచేసే కోడు చాలాసార్లు ఒకటి రెండు లైన్లే. 2014లో ప్రపంచాన్ని హడలెత్తించిన హార్ట్‌బ్లీడ్ అనే లోపానికి అసలు మందు, అవతలివాడు పంపానని చెప్పిన పొడవు నిజంగా పంపాడా లేదా అని చూసే ఒక తనిఖీ. అంతే. ఆ తనిఖీ చుట్టూ ఉండే చాకిరీ గురించే ఈ పాఠాలన్నీ.

1. ముందు మన దగ్గర ఏముందో తెలియాలి.

2003 జనవరి 25, శనివారం. ఎస్‌క్యూఎల్ స్లామర్ అనే పురుగు బయటికొచ్చింది. సైజు 376 బైట్లు. దానికి దొరకగల మెషీన్లలో తొంభై శాతం పది నిమిషాల్లో దాని పాలబడ్డాయి. అమెరికాలో ఒక పెద్ద బ్యాంకు ఏటీఎంలు డబ్బివ్వడం మానేశాయి. అది దూరిన లోపానికి మైక్రోసాఫ్ట్ ఆరు నెలల ముందే, 2002 జులైలోనే, ప్యాచ్ ఇచ్చింది. మరి ఎందుకు వేసుకోలేదు? బద్ధకం కొంత. కానీ చాలా ఆఫీసుల్లో వాళ్ళు నిజాయితీగా "మా దగ్గర ఎస్‌క్యూఎల్ సర్వరే లేదండీ" అన్నారు. ఉంది. ఇంకేదో సాఫ్ట్‌వేర్ కొన్నప్పుడు దాని పొట్టలో ఎమ్‌ఎస్‌డీఈ అనే చిన్న రూపంలో వచ్చి కూర్చుంది. ఇన్‌స్టాల్ చేసినవాడికి కూడా ఆ సంగతి తెలీదు.

పద్దెనిమిదేళ్ళ తర్వాత, 2021 డిసెంబరులో, లాగ్4జె విషయంలో మళ్ళీ అదే తంతు. జావా ప్రోగ్రాములు లాగ్ రాసుకోవడానికి వాడే చిన్న లైబ్రరీ అది. ఎవరూ దాన్ని పనిగట్టుకుని కొనరు, అన్నింట్లోనూ ఉంటుంది. జార్ ఫైలు లోపల ఇంకో జార్, దాని లోపల ఇంకొకటి. ఫైలు పేరుతో వెతికితే సగం దొరకవు. ప్రతి జార్‌నీ విప్పి లోపల జేఎన్‌డీఐ లుకప్ అనే క్లాసు ఉందా లేదా అని చూడాల్సి వచ్చింది. ఆ వారం ప్యాచ్ వెయ్యడానికి పట్టిన టైమ్ తక్కువ, వెతకడానికి పట్టిందే ఎక్కువ.

కాబట్టి ఒక జాబితా పెట్టుకోండి. ఖరీదైన టూల్ లేకపోతే ఎక్సెల్ షీటు చాలు. ఏ సర్వర్, దాని మీద ఏముంది, ఎవరిది, వాళ్ళ ఫోన్ నంబరు, అది ఆగితే ఎవరు గొడవ చేస్తారు. ఆఖరి గడి అన్నిటికన్నా ముఖ్యం.

2. వెర్షన్ నంబరు చూసి తీర్పు చెప్పకండి.

ఏటా ఆడిట్ వస్తుంది. ఆడిటర్ గారి స్కానర్ మన సర్వర్లన్నిటినీ తడిమి ఎర్ర గడులతో లావుపాటి రిపోర్టు ఇస్తుంది. అందులో సగం గొడవ వెర్షన్ నంబర్లదే. హార్ట్‌బ్లీడ్‌నే తీసుకోండి. 2014 ఏప్రిల్ 7న, ఆ లోపమున్న ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ లైబ్రరీ వాళ్ళు 1.0.1జి విడుదల చేసి, 1.0.1 నుంచి 1.0.1ఎఫ్ దాకా అన్నిట్లోనూ లోపముందన్నారు. రెడ్‌హ్యాట్ ఎంటర్‌ప్రైజ్ లైనక్స్ 6 వాడే మాకు మాత్రం రెడ్‌హ్యాట్ ఆ 'జి' ఇవ్వలేదు. తన దగ్గరున్న 1.0.1ఇ లోనే ఆ ఒక్క దిద్దుబాటు చొప్పించి, చివర తోక మార్చి పంపింది: 1.0.1ఇ-16.ఇఎల్6_5.7. తోక చదవని స్కానర్‌కి అది ఇంకా పాత 'ఇ'యే. దీన్నే బ్యాక్‌పోర్టింగ్ అంటాం. పదేళ్ళపాటు ఒకే వెర్షన్ నడుపుతామని మాటిచ్చిన కంపెనీలకి వేరే దారి లేదు. కొత్త వెర్షన్ ఇస్తే దిద్దుబాటుతోపాటు కొత్త మార్పులు వందొస్తాయి, దాని మీద ఆధారపడ్డవి ఎక్కడో తెగుతాయి.

"సార్, కొత్త సోర్స్ దించి నేనే కంపైల్ చేసి పెట్టేస్తా, ఎరుపు పోతుంది" అన్నాడో కుర్రాడు. తెలివైనవాడే.

"పెట్టు నాన్నా. వచ్చే నెల ఇంకో లోపం బయటపడితే రెడ్‌హ్యాట్ అప్‌డేట్ నువ్వు పెట్టిన కాపీని ముట్టుకోదు. నువ్వు అప్పటికి వేరే ప్రాజెక్టులో ఉంటావు. దాన్నెవరు చూస్తారు?"

వాడు ఆగాడు. ప్యాకేజీ చేంజ్‌లాగ్ చూపించే ఆర్‌పీఎం కమాండు కొట్టించాను. అందులో హార్ట్‌బ్లీడ్‌కి ఇచ్చిన సీవీఈ-2014-0160 అన్న నంబరు కనపడింది. ఆ లైను కాపీ చేసి ఆడిటర్‌కి పంపాం. ఎర్ర గడి మూసేశారు. లోపం ఉందా లేదా అనడానికి సాక్ష్యం ఆ నంబరే గాని, వెర్షన్ చివర ఉన్న అక్షరం కాదు.

3. పాతదంతా చెడ్డది కాదు.

హార్ట్‌బ్లీడ్ నాడు అందరికన్నా హాయిగా నిద్రపోయినవాళ్ళు రెడ్‌హ్యాట్ 5 నడిపేవాళ్ళు. వాళ్ళ దగ్గరున్న ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 0.9.8. లోపమున్న హార్ట్‌బీట్ సదుపాయం అందులో పుట్టనే లేదు. అది 2012 మార్చిలో 1.0.1తో వచ్చింది.

2017 మే 12న వన్నాక్రై అనే పురుగు వచ్చినప్పుడు పేపర్లన్నీ విండోస్ ఎక్స్‌పీని తిట్టాయి. ఇంగ్లండ్‌లో 236 ఆసుపత్రి ట్రస్టుల్లో కనీసం 81 దెబ్బతిన్నాయి, సుమారు 19,000 అపాయింట్‌మెంట్లు రద్దయ్యాయి. మన దగ్గర ఆంధ్రప్రదేశ్ పోలీసు శాఖ కంప్యూటర్లు కొన్ని కూడా దాని బారిన పడ్డాయి. తీరా లెక్క తేలాక చూస్తే, సోకినవాటిలో అత్యధికం విండోస్ 7. అంటే అప్పటికి కంపెనీ మద్దతు ఉండి, రెండు నెలల ముందు ప్యాచ్ అందుబాటులో ఉండి కూడా వేసుకోనివి. ఎక్స్‌పీ మెషీన్లయితే ఆ పురుగు దూరబోగానే చాలావరకు నీలం తెర చూపించి పడిపోయాయి. దాన్ని ముందుకు పాకించే ఓపిక కూడా వాటికి లేదు. ఎక్స్‌పీని వెనకేసుకు రావడం లేదు. అసలు జబ్బు వయసులో లేదు, పట్టించుకోకపోవడంలో ఉంది అంటున్నాను.

4. పూడ్చే ముందు, తీసెయ్యొచ్చేమో చూడండి.

వన్నాక్రై దూరిన తలుపు పేరు ఎస్‌ఎంబీ1. ఫైళ్ళు, ప్రింటర్లు పంచుకోవడానికి 1980ల్లో పుట్టిన పద్ధతి. దీన్ని వాడటం మానెయ్యండి మహాప్రభో అని 2016లోనే మైక్రోసాఫ్ట్ ఇంజినీరు నెడ్ పైల్ బాహాటంగా రాశాడు. అప్పటికే దాని స్థానంలో ఎస్‌ఎంబీ2, 3 వచ్చి ఏళ్ళయింది.

సరే, తీసేద్దాం అని మేం ఒక ఆఫీసులో పొద్దున్నే ఎస్‌ఎంబీ1 ఆపేశాం. పదకొండు గంటలకి అకౌంట్స్ నుంచి ఫోన్. జిరాక్స్ మెషీన్ స్కాన్ చేసిన కాగితాలు ఫోల్డర్లోకి రావడం లేదు. ఆ మెషీన్‌కి ఎస్‌ఎంబీ1 తప్ప వేరే భాష రాదు. దాని కంపెనీ కొత్త ఫర్మ్‌వేర్ ఇవ్వదు. ఇలాంటప్పుడు తొంభైపాళ్ళ ఆఫీసుల్లో ఏం జరుగుతుందంటే, మేనేజర్ గారు విసుక్కుంటారు, సిస్టమ్స్ కుర్రాడు అన్ని సర్వర్ల మీదా మళ్ళీ ఆన్ చేసేస్తాడు, ఆ సంగతి ఎక్కడా రాయడు. అలా ఒక జిరాక్స్ మెషీన్ కోసం ఆఫీసు మొత్తానికి తలుపు తెరిచి పెడతాం. మేం స్కాన్‌ని ఫోల్డర్‌కి బదులు మెయిల్‌కి మళ్ళించాం. ఆ అకౌంటెంట్ అమ్మాయి రెండు రోజులు సణిగి అలవాటు పడింది.

తీసేసిన కోడుకి వచ్చే ఏడాది ప్యాచ్ వెయ్యక్కర్లేదు. ఈ పనిలో ఇంతకన్నా లాభసాటి బేరం నాకు కనపడలేదు.

5. మెయిల్ పంపితే ప్యాచ్ వేసినట్టు కాదు.

ఈక్విఫాక్స్ కథ ఈ పనిలో ఉన్న ప్రతివాడూ ఒకసారి చదవాలి. అమెరికాలో జనం అప్పుల చరిత్ర దాచే సంస్థ. 2017 మార్చి 7న అపాచీ స్ట్రట్స్ అనే సాఫ్ట్‌వేర్‌లో ఘోరమైన లోపానికి ప్యాచ్ వచ్చింది. రెండు రోజుల్లో ఈక్విఫాక్స్‌లో అందరికీ మెయిల్ వెళ్ళింది, 48 గంటల్లో వెయ్యాలని. ఆ తర్వాతి వారం స్కాన్ కూడా చేశారు. ఏమీ దొరకలేదు. అన్నీ సవ్యంగానే జరిగాయి కదా అనిపిస్తుంది కాగితం మీద.

మెయిల్ వెళ్ళిన జాబితా పాతది. స్ట్రట్స్ ఉన్న ఒక పోర్టల్ చూసుకునే మనిషి అందులో లేడు. వినియోగదారులు ఫిర్యాదులు పెట్టుకునే ఆ పోర్టల్ వెనకున్న వ్యవస్థ పునాదులు 1970ల నాటివి. మే నెల మధ్యలో దొంగలు దూరి జులై చివరి దాకా తాపీగా సర్దుకున్నారు. లోపలి ట్రాఫిక్‌ని గమనించే పరికరం ఒకటుంది గాని దాని సర్టిఫికెట్ ఎప్పుడో గడువు తీరిపోవడంతో గుడ్డిదైంది. జులై 29న సర్టిఫికెట్ మార్చగానే దొంగలు కనపడ్డారు. 14 కోట్ల 70 లక్షల మంది వివరాలు పోయాయి.

మెయిల్ పంపినవాడూ, స్కాన్ నొక్కినవాడూ తమ పని తాము చేశారు. ప్యాచ్ వేశావా అని ఒక మనిషిని పేరుపెట్టి అడిగి, వేశానని చూపించమనే పని మాత్రం ఎవరిదీ కాకుండా పోయింది. మన ఆఫీసుల్లో "అందరికీ చెప్పాం కదండీ" అనే మాట వినపడినప్పుడల్లా నాకు ఆ జాబితా గుర్తొస్తుంది.

6. ముందు మార్చకుండా బిల్డ్ చేసి చూడండి.

ఇది కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే పాత సాఫ్ట్‌వేర్ అసలు కష్టం ఇక్కడే ఉంది.

ఎమ్‌ఎస్ వర్డ్‌లో లెక్కల సూత్రాలు వేసుకోవడానికి ఈక్వేషన్ ఎడిటర్ అని ఒకటుండేది. మన ఇంటర్ కాలేజీల మేథ్స్ లెక్చరర్లు, కోచింగ్ సెంటర్లలో క్వశ్చన్ పేపర్లు కొట్టే ఆపరేటర్లు దానితోనే సంసారం చేశారు. మైక్రోసాఫ్ట్ దాన్ని డిజైన్ సైన్స్ అనే కంపెనీ దగ్గర తీసుకుంది. దాని ప్రోగ్రామ్ ఫైలు 2000 నవంబరు 9న కంపైల్ అయింది. ఆ తర్వాత ఆఫీస్ వెర్షన్లు ఎన్ని మారినా ఆ ఫైలు అలాగే ప్రయాణం చేసింది. 2017లో ఎంబెడి అనే సంస్థ పరిశోధకులు దాన్ని విప్పి చూస్తే, ఫాంటు పేరు పొడవుగా ఇస్తే చాలు, కేటాయించిన చోటు దాటి పొంగిపొర్లుతోంది. అంటే ఎవడైనా ఒక వర్డ్ డాక్యుమెంటు పంపి మన కంప్యూటర్లో తన కోడు నడిపించుకోవచ్చు. తర్వాతి కాలంలో వచ్చిన రక్షణలేవీ ఆ పాత ఫైల్లో లేవు.

2017 నవంబరులో మైక్రోసాఫ్ట్ ప్యాచ్ ఇచ్చింది. స్లోవేనియాలో జీరోప్యాచ్ బృందం పాత ఫైలునీ కొత్త ఫైలునీ పక్కపక్కన పెట్టి చూసి ముక్కున వేలేసుకుంది. మామూలుగా సోర్స్ కోడ్‌లో ఒక లైను మార్చి మళ్ళీ కంపైల్ చేస్తే ఫంక్షన్లన్నీ అటూ ఇటూ జరుగుతాయి. ఇందులో ఏదీ జరగలేదు. మార్చిన చోట్లు తప్ప మిగతా ప్రతి ఫంక్షనూ సరిగ్గా పాత అడ్రసులోనే ఉంది. మార్చిన చోట కూడా చుట్టుపక్కల సూచనల్ని కుదించి, మిగిలిన కాసింత జాగాలో పొడవు సరిచూసే తనిఖీని ఇరికించారు. అంటే సోర్స్ కోడ్ ముట్టుకోకుండా, కంపైలైన ఫైలునే చేత్తో దిద్దారన్నమాట. సోర్సైనా పోయి ఉండాలి, దాన్ని బిల్డ్ చేసే సరంజామా అయినా పోయి ఉండాలి.

ఆ దిద్దినవాళ్ళెవరో గాని వాళ్ళ చేతికి దండం పెట్టాలి. మా పాతకాలం వాళ్ళం ఆ విశ్లేషణ చదివి ఒక సాయంత్రమంతా మాట్లాడుకున్నాం. అయినా నిలవలేదు. అదే ఫైల్లో ఇంకో లోపం బయటపడేసరికి 2018 జనవరిలో ఈక్వేషన్ ఎడిటర్‌నే పీకి పారేశారు. పాత డాక్యుమెంట్లలో సూత్రాలు కనపడేవి గాని ఆఫీస్‌లో మార్చడానికి వీల్లేకపోయింది. ఏళ్ళ తరబడి కూడబెట్టుకున్న క్వశ్చన్ బ్యాంకులు పెట్టుకున్న లెక్చరర్ల బాధ చెప్పనలవి కాదు.

అంత పెద్ద కంపెనీకే ఆ గతి పట్టగా లేనిది మనకి పట్టదా? అందుకే పాత సాఫ్ట్‌వేర్ బాధ్యత మీ చేతికొచ్చిన మొదటి వారంలో, లోపమేదీ లేనప్పుడే, ఒక్క అక్షరం మార్చకుండా దాన్ని బిల్డ్ చెయ్యండి. వచ్చిన ఫైలుని సర్వర్‌లో నడుస్తున్నదానితో పోల్చండి. బిల్డ్ తేదీ లాంటి మామూలు తేడాలు పక్కన పెట్టినా సరిపోకపోతే, మీ దగ్గరున్న సోర్స్ గాని కంపైలర్ గాని నడుస్తున్నదానిది కాకపోవచ్చు. మధ్యలో ఎవడో ఒక సవరణ చేసి సోర్స్ కంట్రోల్‌లో పెట్టకుండా వెళ్ళిపోయి ఉండొచ్చు. ఆ సంగతి లోపం బయటపడ్డ రాత్రి తెలియకూడదు. బిల్డ్ చేసిన మెషీన్‌ని, కంపైలర్‌తో సహా, డిస్క్ ఇమేజ్‌గా దాచండి.

7. అర్థంకాని లైను మీద చెయ్యి వెయ్యకండి.

2006లో డెబియన్ లైనక్స్ వాళ్ళు ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్‌లో ఒక చిన్న దిద్దుబాటు చేశారు. వాల్‌గ్రైండ్ అనే తనిఖీ పరికరం, ఇక్కడ విలువ పెట్టని మెమరీ వాడుతున్నారు అని మాటిమాటికీ హెచ్చరిస్తోంది. రెండు లైన్లు కామెంట్ చేస్తే ఆ నస పోయింది. ఆ రెండింట్లో ఒకటి, తాళంచెవులు తయారుచెయ్యడానికి కావలసిన యాదృచ్ఛికతను కలిపే లైను. అది పోయాక మిగిలింది ప్రాసెస్ నంబరు ఒక్కటే. దానికి ఉండగల విలువలు 32,768. అంటే ఒక్కో రకానికి ప్రపంచం మొత్తానికీ అన్ని తాళంచెవులే. ల్యాప్‌టాప్ మీద కూర్చుని వరసగా పెట్టి చూడొచ్చు. లూచియానో బెల్లో అనే డెవలపర్ కనిపెట్టేసరికి 2008 మే వచ్చింది.

కోడుని తిరిగి సరిచెయ్యడం చిటికెలో అయింది. చిక్కంతా ఆ రెండేళ్ళలో పుట్టిన తాళంచెవులతో. అవి డెబియన్, ఉబుంటు మెషీన్లలో పుట్టినా, అక్కడే ఉండవు కదా. ఎవడో తన ల్యాప్‌టాప్‌లో తయారుచేసుకున్న తాళంచెవిని మా రెడ్‌హ్యాట్ సర్వర్‌లో పెట్టుకుంటే, లోపం లేని మా సర్వర్ కూడా తెరిచిన ఇల్లే. ఎన్ని సర్వర్లలో ఎందరి తాళంచెవులున్నాయో తిరగెయ్యడం, బలహీనమైనవి ఏరడం, మనుషుల్ని బతిమాలి కొత్తవి చేయించడం, అదీ ఆ ప్యాచ్ అసలు పని. హార్ట్‌బ్లీడ్ అప్పుడూ అంతే. లోపం మూసినా, మూయకముందు కారిపోయిన రహస్యాలు వెనక్కి రావు. సర్టిఫికెట్లు రద్దుచేసి కొత్తవి తీసుకోవాలి, పాస్‌వర్డులు మార్చాలి.

8. రీస్టార్ట్ చెయ్యండి.

డిస్కు మీద లైబ్రరీ మారినా, అప్పటికే నడుస్తున్న ప్రోగ్రామ్ మెమరీలో పాతదాన్నే పట్టుకుని ఉంటుంది. ఎల్‌ఎస్‌ఓఎఫ్ కమాండు ఇస్తే చెరిపేసిన ఫైలుని ఇంకా వాడుతున్నవాళ్ళ జాబితా కనపడుతుంది. "మా సర్వర్ మూడేళ్ళుగా ఆగలేదు సార్" అని ఎవరైనా గర్వంగా చెబితే, మూడేళ్ళుగా దాని కెర్నెల్‌కి ప్యాచ్ పడలేదేమో అని అనుమానించాలి. అంతకంటే భయం ఏమిటంటే, అది ఆగితే మళ్ళీ లేస్తుందో లేదో ఎవరికీ తెలీదు.

9. మొదటి ప్యాచ్‌తో అయిపోయిందనుకోకండి.

షెల్‌షాక్: 1989 నుంచి బ్యాష్‌లో దాక్కున్న లోపం, 2014 సెప్టెంబరు 24న బయటపడింది. ఆ రోజే ఇచ్చిన ప్యాచ్ అసంపూర్ణమని వెంటనే తేలి ఇంకో సీవీఈ నంబరు, ఇంకో ప్యాచ్. లాగ్4జె: 2.15, 2.16, 2.17, చివరికి 2.17.1, అన్నీ ఒక్క డిసెంబరులోనే. కంగారులో వేసిన ప్యాచ్ కంగారుగానే ఉంటుంది. మొదటిసారి వేసిన పద్ధతి స్క్రిప్టుగా రాసి పెట్టుకోండి, వారంలో మళ్ళీ వాడతారు.

10. ఎంత తొందర, ఎంత నిదానం?

2003 అక్టోబరు నుంచి మైక్రోసాఫ్ట్ నెలలో రెండో మంగళవారం ప్యాచ్‌లు ఇస్తోంది. అమెరికాలో వాళ్ళ టైమ్ ప్రకారం పొద్దున పది గంటలకి అవి వస్తాయి, అంటే మనకి రాత్రి పదిన్నర, చలికాలంలో పదకొండున్నర. మనం నిద్రపోయే వేళకి దొంగలు పని మొదలుపెడతారు. పాత ఫైలునీ కొత్త ఫైలునీ పోల్చి, ఏం మార్చారో చూసి, లోపం ఎక్కడుందో కనిపెడతారు. ప్యాచ్ వచ్చిందంటే లోపం చిరునామా ప్రచురించినట్టే. వన్నాక్రై లెక్క చూడండి: మార్చి 14న ప్యాచ్, ఏప్రిల్ 14న ఆ లోపాన్ని వాడుకునే ఆయుధం బయటికి, మే 12న పురుగు. ఆ రెండు నెలలే మనకి దొరికిన గడువు. ఇప్పుడు అంత కూడా దొరకడం లేదు.

అలాగని కళ్ళు మూసుకుని అన్నిటిమీదా ఒక్కసారే వేస్తే? 2024 జులై 19 శుక్రవారం, మన టైమ్ పొద్దున 9.39కి క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ ఒక చిన్న అప్‌డేట్ పంపింది. తప్పు తెలిసి 10.57కి వెనక్కి తీసుకుంది. ఆ కాసేపట్లో అది అందుకున్న విండోస్ మెషీన్లు దాదాపు 85 లక్షలు, నీలం తెరతో పడిపోయాయి. హైదరాబాద్ విమానాశ్రయంలో బోర్డింగ్ పాసులు చేత్తో రాసిచ్చారు. బాగుచెయ్యడానికి ఒక్కో మెషీన్ దగ్గరికీ మనిషి వెళ్ళి, సేఫ్ మోడ్‌లో తెరిచి, ఒక ఫైలు చెరపాలి. డిస్కుకి బిట్‌లాకర్ ఉంటే దాని తాళం వెతకాలి. ఆ తాళాల జాబితా కూడా పడిపోయిన సర్వర్‌లోనే ఉన్న ఆఫీసులున్నాయట.

నా పద్ధతి చెబుతాను. మొదట మా టీమ్ సొంత మెషీన్లు, ఎందుకంటే పాడైతే తిట్టుకునేది మేమే. తర్వాత ఒక్కో రకం సర్వర్ నుంచి ఒక్కొక్కటి. ఒక రాత్రి గడిచాక, అంటే రాత్రి బ్యాచ్ జాబులన్నీ నడిచాక, మిగతావి. ఇంటర్నెట్‌కి ఎదురుగా నిలబడి ఉన్న మెషీన్ అయితే ఆ రాత్రి కూడా ఆగేవాణ్ణి కాదు. జీతాలు పడే రోజుల్లో పేరోల్ సర్వర్‌ని మాత్రం ముట్టుకునేవాణ్ణి కాదు, మా హెచ్‌ఆర్ మేడమ్ సంగతి మీకు తెలీదు.

11. ప్యాచ్ రాని మెషీన్‌ని ఒంటరిగా ఉంచండి.

విండోస్ ఎక్స్‌పీకి మద్దతు 2014 ఏప్రిల్ 8న ఆగిపోయింది. నాలుగేళ్ళ తర్వాత కూడా మన దేశంలో బోలెడు ఏటీఎంలు దాని మీదే నడుస్తుండటంతో 2018 జూన్‌లో రిజర్వు బ్యాంకు బ్యాంకులకి గడువులు పెట్టింది. 2019 జూన్‌కల్లా అన్ని ఏటీఎంలూ మద్దతున్న సిస్టమ్‌కి మారాలి. ఈలోగా, 2018 ఆగస్టు లోపల, బయోస్‌కి పాస్‌వర్డు పెట్టాలి, యూఎస్‌బీ పోర్టులు మూసెయ్యాలి, ఆటోరన్ ఆపెయ్యాలి. అందులో నాకు నచ్చింది ఈ రెండో భాగమే. మార్చడానికి ఏడాది పడుతుందని ఒప్పుకుంటూనే, పైసా ఖర్చులేని జాగ్రత్తలు ముందు తీసుకోమంది.

మా వీధి చివర డీటీపీ సెంటర్ ఉంది. ఎక్స్‌పీ, పేజ్‌మేకర్ 7, అను ఫాంట్లు. శుభలేఖలు, కరపత్రాలు, చిన్న పుస్తకాలు. "మార్చవయ్యా" అంటే ఆయన నవ్వుతాడు. ఆ పాత ఫాంట్లు యూనికోడ్ కావు, ఇంగ్లీషు అక్షరాల గూళ్ళలో తెలుగు ముక్కల్ని కూర్చినవి. ఆ ఫాంట్లు లేనిచోట ఫైలు తెరిస్తే తెలుగు బదులు ఇంగ్లీషు అక్షరాల గందరగోళం వస్తుంది. ఏళ్ళ తరబడి కంపోజ్ చేసిన పని అంతా అందులో ఉంది. ఆయన మారకపోవడంలో తప్పేమీ నాకు కనపడలేదు. రిజర్వు బ్యాంకు బ్యాంకులకి చెప్పిన జాగ్రత్తల లాంటివే ఆయనకీ చెప్పాను. ఆ మెషీన్‌కి నెట్ కేబుల్ పీకేశాం. ఆటోరన్ ఆపేశాం. వాట్సాప్‌లో వచ్చే ఫొటోలు, మెయిళ్ళు వేరే కంప్యూటర్లో తీసుకుని, అక్కడ వైరస్ స్కాన్ చేసి, ఒకే ఒక్క పెన్‌డ్రైవ్‌తో మోసుకెళ్తాడు. కస్టమర్ పెన్‌డ్రైవ్ ఆ పాత మెషీన్‌కి తగలకూడదని పక్కన కాగితం అతికించాడు, అది కూడా అను ఫాంట్లోనే. డిస్కు మొత్తం ఇంకో డిస్కుకి కాపీ తీసి ఇంట్లో పెట్టించాను.

మన చిన్న ఊళ్ళ షాపుల్లో అప్‌డేట్లు ఆపేసుకునేవాళ్ళ సంగతి వేరు. చాలాచోట్ల కారణం ఒకటే: అది కొన్న విండోస్ కాదు. అప్‌డేట్ వస్తే తెర నల్లబడి నకిలీదని బయటపడుతుందని భయం. అలాంటివాళ్ళకి భద్రత గురించి ఎంత ఉపన్యాసమిచ్చినా దండగే. అసలు విండోస్ కొనుక్కోండి, లేదా ఉచితంగా దొరికే ఉబుంటు వేసుకోండి అని చెప్పి ఊరుకుంటాను.

12. తాత్కాలికం అని పెట్టినదానికి తేదీ రాయండి.

వైటూకేలో టైమ్ లేనప్పుడు ఒక చిట్కా వాడేవాళ్ళం. రెండంకెల సంవత్సరం 20 కన్నా తక్కువైతే 2000లు, లేకపోతే 1900లు. 2020 నాటికి ఈ ప్రోగ్రామ్ ఉంటుందా ఏమిటి అనుకున్నారందరూ. కొన్ని ఉన్నాయి. 2020 జనవరిలో మళ్ళీ 1920కి వెళ్ళిపోయాయి. భద్రతా ప్యాచ్‌ల్లో కూడా "ప్రస్తుతానికి ఫైర్‌వాల్‌లో ఆపేశాం" అన్న మాటకి పక్కన తేదీ, మనిషి పేరు లేకపోతే ఆ ప్రస్తుతం పదేళ్ళు సాగుతుంది.

13. సాగనంపడం కూడా నేర్చుకోవాలి.

ఎన్ని ప్యాచ్‌లు వేసినా ఒకరోజు ఆ సర్వర్‌ని తీసెయ్యాల్సిందే. ఎవరూ వాడటం లేదంటారు. నమ్మకండి. ముందు నెట్‌వర్క్ కేబుల్ మాత్రమే పీకండి, పవర్ ఆపొద్దు. ఏళ్ళుగా తిరుగుతున్న డిస్కు ఒకసారి ఆగితే మళ్ళీ తిరక్కపోవచ్చు. కేబుల్ పీకాక ఎవరు అరుస్తారో చూడండి. కొందరు ఆ పూటే అరుస్తారు. కొందరు నెలాఖరుకి. అకౌంట్స్ వాళ్ళు అరవడానికి మార్చి 31 దాకా పడుతుంది, ఏడాదికి ఒక్కసారి తీసే రిపోర్టు ఏదో అందులోనే ఉంటుంది. నాలుగో త్రైమాసికం టీడీఎస్ రిటర్నుకి గడువు మే 31. అది దాటేదాకా ఏ అకౌంట్స్ సర్వర్ డిస్కునీ చెరపనిచ్చేవాణ్ణి కాదు.